సిల్వర్ బ్లూ బెంజి గురించి మేనల్లుడికి

విజయవాడ

చి. శీనుకు,

మామయ్య ఆశీస్సులు. ఇక్కడ మేమంతా క్షేమం. మీ అత్తయ్య మోకాళ్ల నొప్పి ఎప్పటిలాగే ఉంది. నువ్వు పంపిన ఫొటోలు ఫోన్లో పెద్దవి చేసుకుని రెండుసార్లు చూశాను. 1983 మోడల్ బెంజి 240డి. మంచి బండి కొన్నావురా. దాని ఇంజన్ సంగతి నన్నడక్కు, ఆ పని నేనెప్పుడూ చెయ్యలేదు. పైనున్న రేకు, ఆ రేకు మీది రంగు మాత్రం నాకు బాగా తెలుసు. కువైట్లో ఉన్న పదకొండేళ్లలో ఈ డబ్ల్యూ 123 మోడల్ బళ్లకు ఎన్నిటికి రంగు కొట్టానో లెక్క లేదు.

నువ్వు ఫోన్లో అన్న మాట విన్నాక రాత్రి సరిగ్గా నిద్ర పట్టలేదు. "కోడ్ ఉందిగా మామయ్యా, కంప్యూటర్లో కొడితే రంగు వచ్చేస్తుందట, పెయింటర్ నాలుగు రోజుల్లో ఇచ్చేస్తానన్నాడు" అన్నావు. నిజమే, కోడ్ కొడితే డబ్బా వస్తుంది. కానీ మెటాలిక్‌లో, అంటే మెరుపు రవ్వలు కలిసిన రంగులో, సగం రంగే డబ్బాలో ఉంటుంది. మిగతా సగం స్ప్రే గన్ను పట్టుకున్నవాడి చేతిలో ఉంటుంది. అందుకే ఫోన్లో చెప్పకుండా ఉత్తరం రాస్తున్నాను. ఆ పెయింటర్‌కి కూడా చదివి వినిపించు, తప్పేం లేదు.

ముందు కోడ్ సంగతి. బానెట్ ఎత్తి చూడు. రేడియేటర్ పైన అడ్డంగా ఉండే పట్టీ మీద ఒక చిన్న రేకు ముక్క ఉంటుంది. దాని మీద మూడంకెల రంగు నంబరు చూడు. నువ్వు పంపిన ఫొటోలో రంగును బట్టి అది 930 అయ్యుండాలి. అంటే సిల్వర్ బ్లూ మెటాలిక్. 735 ఉంటే ఆస్ట్రల్ సిల్వర్, 172 అయితే ఆంత్రసైట్ గ్రే. ఒకవేళ అక్కడ 930 లేకపోతే, నీ బండికి ఎవరో మధ్యలో రంగు మార్చి ఉండొచ్చు. అప్పుడు ఆర్సీలో ఏ రంగు రాసి ఉందో కూడా చూసుకో, తర్వాత ఆర్టీవో ఆఫీసులో తలనొప్పి లేకుండా.

ఈ నంబరు చెప్పేది బండి పుట్టినప్పటి రంగు. నలభై ఏళ్లు ఎండలో నిలబడ్డాక దాని రంగు అదే ఉంటుందా? నా తలలాగే మారిపోయి ఉంటుంది. నువ్వు కలపాల్సింది ఇప్పుడు కనబడే రంగుతో. మిక్సింగ్ షాపువాళ్ల దగ్గర ఒకే కోడ్‌కి రెండు మూడు రకాల ఫార్ములాలు ఉంటాయి, కొంచెం నీలం ఎక్కువది, కొంచెం ముదురుది, కొంచెం రవ్వ లావుది. ఏదో ఒకటి ఇచ్చేస్తే తెచ్చుకోకు. వాటి చిప్స్ (రంగు నమూనా ముక్కలు) అన్నీ బండి పక్కన పెట్టి చూడాలి.

అందుకు నీకు రెండు నమూనాలు కావాలి. ఒకటి, కుడివైపు వెనక రేకు మీదుండే డీజిల్ మూత. దాన్ని ఊడదీయొచ్చు, షాపుకి చేతిలో పట్టుకెళ్లొచ్చు. అది రోజూ ఎండ తిన్నది కాబట్టి దాన్ని కాంపౌండ్‌తో (రుద్ది మెరుగుపెట్టే పేస్టుతో) రుద్ది పైమురికి తీస్తే ఇవాళ్టి రంగు బయటపడుతుంది. రెండోది, తలుపు రబ్బరు కిందో వెనక సీటు కిందో ఎండ తగలని చోట ఉన్న రంగు. ఈ రెంటికీ ఎంత తేడా ఉందో చూస్తే బండి ఎంత వెలిసిందో తెలుస్తుంది. డిక్కీ లోపలి రంగును మాత్రం నమ్మకు. లోపలి చోట్ల పై వార్నిష్ సరిగ్గా కొట్టకుండా వదిలేసి ఉండొచ్చు, అది కళ్లను మోసం చేస్తుంది.

ఇప్పుడు షాపుల్లో మెషీన్లున్నాయి. రేకు మీద ఆనించి మీట నొక్కితే 15 డిగ్రీలు, 45 డిగ్రీలు, 110 డిగ్రీలు ఇలా కొన్ని కోణాల్లో రంగు చదివి ఫార్ములా చెబుతుంది. మా రోజుల్లో ఇది లేదు. మంచిదే, వాడుకో. కానీ మెషీన్ చెప్పిందని అక్కడితో ఆగకు.

ఎందుకో చెబుతాను. మామూలు రంగులో పొడి ఉంటుంది, మెటాలిక్‌లో దాంతోపాటు అల్యూమినియం రవ్వలుంటాయి. ఒక్కోటి చిన్న అద్దం ముక్క అనుకో. (1930ల ముందు వెనకల్లో అమెరికాలో కార్లకు ఈ మెరుపు కోసం చేప పొలుసుల నుంచి తీసిన సరుకు కలిపేవారట. మీ అత్తయ్యకు ఈ మాట చెబితే, పులస పొలుసులు పారేస్తున్నామే అని బాధపడింది.) ఆ అద్దం ముక్కలు ఎలా పడుకున్నాయన్న దాన్ని బట్టి రంగు మారుతుంది. పొడిగా, పలచగా కొడితే రవ్వలు బల్లపరుపుగా పడుకుని ఎదురుగా లేతగా, వెండిలా మెరుస్తాయి. తడిగా కొడితే రవ్వలు లోపలికి దిగి అడ్డదిడ్డంగా నిలబడతాయి, రంగు ముదురవుతుంది. గాలి ప్రెజర్ పెంచినా, గన్ను దూరం పెట్టినా, తొందరగా ఆరే థిన్నర్ వాడినా లేత. ప్రెజర్ తగ్గించినా, దగ్గరగా కొట్టినా, నెమ్మదిగా ఆరే థిన్నర్ వాడినా ముదురు. ఒకే డబ్బాలోంచి నేను, నా శిష్యుడు చెరో తలుపు కొడితే రెండు బళ్లవి అనుకునేవాళ్లు జనం.

ఇంకో చిక్కుంది. ఎదురుగా నిలబడి చూస్తే అచ్చంగా కలిసిన రంగు పక్కనుంచి చూస్తే నల్లగా కొట్టొచ్చు. అందుకే కలిసిందో లేదో బండి చుట్టూ తిరుగుతూ చూడాలి.

కాబట్టి బండి మీద ఒక్క చుక్క పడేముందు టెస్ట్ రేకులు కొట్టించు. పాత డబ్బా మూతలైనా సరే, అరచేతి కంటే కొంచెం పెద్దవి. బండికి కొట్టబోయే గన్నుతోనే, అదే థిన్నర్, అదే ప్రెజర్, అన్నే కోట్లు. ఒకటి తడిగా, ఒకటి మధ్యస్తంగా, ఒకటి పొడిగా. దాని మీద క్లియర్ (రంగు లేని పై వార్నిష్) కూడా కొట్టాలి, క్లియర్ పడ్డాకే అసలు రంగు తెలుస్తుంది. ఏది ఎలా కొట్టాడో వెనక పెన్నుతో రాయించు. పూర్తిగా ఆరాక తలుపు మీద ఆనించి పొద్దున్న ఎండలో ఒకసారి, చెట్టు నీడలో ఒకసారి, రాత్రి ట్యూబ్‌లైట్ కింద ఒకసారి చూడు. ట్యూబ్‌లైట్ కింద కలిసి ఎండలోకి రాగానే విడిపోయే రంగులుంటాయి. బండి తిరిగేది ఎండలో కాబట్టి గొడవ వస్తే ఎండ మాటే ఖరారు.

కలవకపోతే నీలం చుక్క ఒకటి, నలుపు చుక్క ఒకటి వేస్తాడు. వెయ్యనీ. కానీ గ్రాముల్లో తూచి, కాగితం మీద రాసి వెయ్యమను. అంచనా మీద వేసేవాణ్ణి ఆపు. ఎదురుగా కలిసి మెరుపు మాత్రం గరుగ్గా కనిపిస్తుంటే నీలం నలుపులతో అది సరికాదు, అల్యూమినియం రవ్వ సైజే మార్చాలి. ఇది తెలిసిన పెయింటర్ దొరికితే వాణ్ణి వదలకు.

ఇప్పుడు నీ బండి సంగతి. ఫొటోల్లో చూసిన దాన్ని బట్టి కుడి ముందు ఫెండర్, డిక్కీ మూత ఎవరో ఇదివరకే కొట్టారు, చాలా పాడుగా. టాప్ మీద క్లియర్ పొరలు పొరలుగా లేచిపోయింది. ఎడమవైపు తలుపులు రెండూ కంపెనీ రంగే అనిపిస్తోంది. థిక్‌నెస్ మీటర్ ఉన్నవాడితో ఒకసారి చూపించు. కంపెనీ పెయింట్ సుమారుగా 100 నుంచి 150 మైక్రాన్లు చూపిస్తుంది. 300 దాటితే మళ్లీ కొట్టినట్టు, ఇంకా చాలా ఎక్కువ చూపిస్తే కింద లప్పం ఉన్నట్టు. కంపెనీ రంగు బాగున్న చోట ముట్టుకోవద్దని నా మాట. మొత్తం గీకేసి కొత్తగా కొట్టడం పెయింటర్‌కి సులువు, రంగు కలిపే పని తప్పుతుంది కాబట్టి. కానీ నలభై ఏళ్లు నిలిచిన కంపెనీ రంగును గీకి పారేస్తే మళ్లీ ఎవడూ తేలేడు.

టాప్ మీద లేచిపోయిన క్లియర్ పైన మళ్లీ క్లియర్ కొడితే సరిపోతుందని ఎవరైనా చెబితే నమ్మకు. ఆర్నెల్లలో అదీ లేచిపోతుంది. కిందదాకా రుద్ది బేస్ (క్లియర్ కింద ఉండే అసలు రంగు పొర) నుంచి కొట్టాలి. ఇక కొత్త రంగు, పాత రంగు పక్కపక్కన గీత గీసినట్టు కలిపితే ఎంత బాగా మ్యాచ్ చేసినా కన్ను పట్టేస్తుంది. ఫెండర్ కొట్టేటప్పుడు పక్క తలుపు మీదకీ, బానెట్ మీదకీ బేస్‌ని పొగలా పలచబరుస్తూ పోవాలి. ఆ తలుపు మొత్తానికీ, బానెట్ మొత్తానికీ క్లియర్ కొట్టాలి. టాప్ దగ్గర ఇంకో చిక్కు. వెనక స్తంభం దగ్గర అతుకు పైకి కనబడదు, టాప్ నుంచి వెనక రేకు దాకా ఒకే ఒరవడిగా దిగుతుంది. స్తంభం మధ్యలో క్లియర్ ఆపితే ఏడాదికి అక్కడ గీత తేలుతుంది. కింది అంచుదాకా తీసుకెళ్లి ముగించమను.

తుప్పు సంగతి పెద్దగా రాయను, టింకరింగ్ పనివాడే చూస్తాడు. జాకీ పెట్టే చోట్లు, హెడ్‌లైట్ చుట్టూ, చక్రాల పైన అంచులు, డిక్కీలో స్టెప్నీ గుంట, ఈ నాలుగు చోట్లా వేలితో నొక్కి చూడు. కార్పెట్లు ఎత్తి కూడా చూడు.

రబ్బింగ్‌లో మాత్రం తొందర పనికిరాదు. మామూలు రంగు కింద దాగే గీతలు మెటాలిక్ కింద దాగవు. సర్ఫేసర్ (రంగు కింద కొట్టే ప్రైమర్ పొర) మీద 400 పేపరుతో మొదలుపెట్టి 800 దాకా తడిపి రుద్దాలి. సర్ఫేసర్ రంగు అంతటా ఒకే బూడిద రంగులో ఉండాలి, ఎందుకంటే సిల్వర్ బ్లూ పలచటి రంగు, కింద ఏముందో పైకి తెలిసిపోతుంది. పాత ఓనరు వాడిన పాలిష్‌లో సిలికాన్ ఉంటే రంగు చేపకళ్లలా గుంటలు పడుతుంది. రుద్దడానికి ముందే ఒకసారి, తర్వాత ఒకసారి డీగ్రీజర్‌తో తుడిపించు. కంప్రెసర్‌లో నీళ్లు తీశాడో లేదో నువ్వే నిలబడి చూడు.

రంగంతా ఒకేసారి కలిపించు. రెండు డబ్బాలు తెస్తే పెద్ద బకెట్లో పోసి ఒకటి చేసి మళ్లీ నింపాలి. ఒక అరలీటరు మిగిల్చి గట్టిగా మూసి తేదీ, ఫార్ములా రాసి ఇంట్లో దాచు. రేపు ఎవడో ఆటోవాడు గీతపెడితే అదే దిక్కు. కొట్టేటప్పుడు అల్యూమినియం అడుగుకు దిగుతూ ఉంటుంది. కుర్రాడు టీ తాగడానికి వెళ్లొచ్చి కలపకుండా గన్ను పట్టుకుంటే అక్కణ్ణుంచి వేరే రంగు. పలచటి కోట్లు, కోటుకీ కోటుకీ మధ్య పది పదిహేను నిమిషాలు. చివర్న గన్ను వెనక్కి జరిపి ఒక మంచు పొర లాంటి కోటు కొడితే మబ్బులు, చారలు సర్దుకుంటాయి. బేస్ మీద దుమ్ము పడితే అక్కడ రుద్ది వదిలెయ్యకూడదు, మళ్లీ బేస్ కొట్టాలి. లేదంటే క్లియర్ కింద ఆ మచ్చ అలాగే ఉండిపోతుంది.

ఇక్కడ నా తప్పొకటి చెప్పాలి. కువైట్ వెళ్లిన రెండో ఏడు. ఇలాంటి బండే, శాంపేన్ రంగు. ముందు తలుపు ఒకటి ఊడదీసి, పని సులువని బల్ల మీద పడుకోబెట్టి కొట్టాను. మిగతావి బండి మీదే నిలువుగా కొట్టాను. ఒకే డబ్బా, ఒకే గన్ను, ఒకే చెయ్యి. బిగించి బయట ఎండలో పెడితే ఆ తలుపు ఒక్కటి వేరే బండి నుంచి అరువు తెచ్చినట్టుంది. పడుకోబెట్టిన రేకు మీద రవ్వలు పడుకునే తీరు వేరు, నిలబెట్టిన దాని మీద వేరు. ఓనరు ఏమీ అనలేదు, తలుపు చుట్టూ ఒకసారి నడిచి నా మొహం చూశాడు, అంతే. ఆ రాత్రి నా జీతంలోంచి మెటీరియల్ కొని మళ్లీ కొట్టాను. కాబట్టి తలుపులు ఊడదీస్తే నిలువుగా వేలాడదీసి కొట్టమను, బానెట్ పడుకోబెట్టి కొట్టమను. బండి మీద ఏది ఎలా ఉంటుందో అలాగే.

ఇప్పుడు మే నెల. ఈ ఎండలో గన్నులోంచి రంగు రేకును చేరేలోపే సగం ఆరిపోతుంది, అంతా పొడిగా లేతగా పడుతుంది. నెమ్మది థిన్నర్ వేసి తెల్లవారుజామున కొట్టినా నాకు నమ్మకం లేదు. జూన్ వస్తే గాలిలో తేమ. ఇప్పటిదాకా ఆగిన బండి ఇంకో ఆరు నెలలు ఆగలేదా? దీపావళి వెళ్లాక మొదలుపెట్టు. ఈలోగా టింకరింగ్, రబ్బరు బీడింగులు, క్రోమ్ పనులు చేయించుకో. రంగు కొట్టాక నెల దాటేదాకా మైనం, పాలిష్ ఏదీ పుయ్యకు, లోపలి థిన్నర్ బయటకు పోవాలి.

ఒక్క మాట గట్టిగా చెబుతున్నాను. క్లియర్ గట్టిపడటానికి అందులో కలిపే హార్డ్‌నర్‌లో ఐసోసైనేట్ అనే మందు ఉంటుంది. అది ఊపిరితిత్తుల్ని పాడు చేస్తుంది, ఒకసారి పట్టుకుంటే తర్వాత కొంచెం తగిలినా ఆయాసం వస్తుంది. వాసనతో కనిపెట్టలేం. నాతో పనిచేసినవాడు ముక్కుకి తువ్వాలు కట్టుకుని కొట్టేవాడు, నలభై దాటకముందే ఇన్‌హేలర్ పట్టాడు. నా దగ్గు సంగతి నీకు తెలిసిందే. బయటి గాలి పైపుతో వచ్చే మాస్కు లేని షెడ్డులో నీ బండికి క్లియర్ కొట్టించకు. ఎదురుగా నిలబడి చూద్దామని నువ్వూ లోపలికి వెళ్లకు.

ఆ పెయింటర్‌తో గొడవపడకు. టెస్ట్ రేకులు కొట్టడానికి ఒప్పుకుంటే వాడితోనే చేయించు, ఒప్పుకోకపోతే అడ్వాన్స్ వదిలేసినా సరే. ఇక్కడ ఆటోనగర్‌లో నా దగ్గర నేర్చుకున్న కుర్రాడొకడు రంగు కలిపే పనే చేస్తున్నాడు. వచ్చే ఆదివారం బస్సెక్కి రా. వచ్చేటప్పుడు ఆ డీజిల్ మూత ఊడదీసి పాత గుడ్డలో చుట్టి తీసుకురా. తుడవకు, పాలిష్ పెట్టకు, ఎలా ఉన్నదాన్ని అలాగే తీసుకురా. కాంపౌండ్ నేనే పెడతాను.

మీ అమ్మకు నా మాటగా మాత్రలు మానొద్దని చెప్పు.

మీ మామయ్య