పెద్ద హిట్టు ఒక్కటీ లేకుండా బెల్ అండ్ సెబాస్టియన్ ఇన్నేళ్ళు ఎలా నిలబడింది?

మీరు అడిగినవి రెండు. బ్రిటన్ సింగిల్స్ (విడిగా వదిలే పాటల) చార్టులో టాప్ టెన్ మొహం కూడా చూడని ఈ స్కాట్లాండ్ గ్లాస్గో బ్యాండు 1996 నుంచి ఎలా నెట్టుకొచ్చింది? కొత్తగా వినేవాళ్ళు ఏ ఆల్బమ్‌తో మొదలుపెట్టాలి? రెండిటికీ జవాబు ఒకచోటే దొరుకుతుంది. బెల్ అండ్ సెబాస్టియన్ పేరు మీద నిజానికి రెండు బ్యాండ్లున్నట్టే. 2002 దాకా ఒకటి, 2003 నుంచి ఇంకొకటి. ఇది తెలియక యాప్‌లో షఫుల్ పెట్టి వింటే సగం పాటలు మిగతా సగానికి అడ్డం పడతాయి.

మొదటి బ్యాండు పుట్టుక చూస్తే సంగీత వ్యాపారం పాత్ర దాదాపు శూన్యం. పాటలు రాసే స్టువర్ట్ మర్డాక్‌కు 1980ల చివర్లో ఎమ్ఈ అనే దీర్ఘకాలిక నీరసం జబ్బు వచ్చింది. సుమారు ఏడేళ్ళు చదువూ లేదు, ఉద్యోగమూ లేదు. పాటలు కట్టడం అప్పుడే పట్టుబడింది. కాస్త కోలుకున్నాక, ఉద్యోగం లేని సంగీతకారుల కోసం ప్రభుత్వ డబ్బుతో నడిచే బీట్‌బాక్స్ అనే శిక్షణలో చేరాడు. బేస్ వాయించే స్టువర్ట్ డేవిడ్ పరిచయమైంది అక్కడే. డ్రమ్మర్ రిచర్డ్ కోల్బర్న్ స్టో కాలేజీలో మ్యూజిక్ బిజినెస్ కోర్సు విద్యార్థి. ఆ కోర్సు వాళ్ళకు ఎలక్ట్రిక్ హనీ అని సొంత లేబుల్ (రికార్డు కంపెనీ) ఉండేది, ఏడాదికి ఒక సింగిల్ వేసేవాళ్ళు. నడిపించేది ఒకప్పటి ది అసోసియేట్స్ బ్యాండు సభ్యుడు అలన్ రాంకిన్. మర్డాక్ దగ్గర అప్పటికే పాటలు కుప్పగా ఉండటంతో ఆ ఏడాది సింగిల్ మానేసి ఏకంగా ఆల్బమే చేశారు. అదే ‘టైగర్‌మిల్క్’. మూడు రోజుల్లో రికార్డింగ్, 1996 జూన్‌లో వెయ్యి ఎల్పీలు (వినైల్ రికార్డులు), అంతే. అవి అయిపోయాక జనం క్యాసెట్లలోకి ఎక్కించుకుని చేతులు మార్చుకున్నారు. (తర్వాత పెద్ద పేరు తెచ్చుకున్న స్నో పట్రోల్, బిఫీ క్లైరో బ్యాండ్ల తొలి రికార్డులు కూడా ఈ కాలేజీ లేబుల్ మీదే వచ్చాయి. ప్రభుత్వ కాలేజీ కోర్సుకి ఇంతకంటే మంచి ఫలితాలు ఎక్కడా కనపడవు.)

ఏడేళ్ళుగా పోగైన పాటలే తొలినాళ్ళ వేగానికి అసలు కారణం. ఆగస్టులో జీప్‌స్టర్ లేబుల్‌తో ఒప్పందం, నవంబర్‌లో రెండో ఆల్బమ్ ‘ఇఫ్ యూ ఆర్ ఫీలింగ్ సినిస్టర్’, 1997లో వరసగా మూడు ఈపీలు (కొద్ది పాటలే ఉండే చిన్న రికార్డులు). కొత్తగా రాసి ఇంత వేగంగా వదలడం ఎవరివల్లా కాదు. ‘డాగ్ ఆన్ వీల్స్’ ఈపీలో ఉన్నవైతే బ్యాండు పూర్తిగా కూడకముందే చేసిన డెమోలు. ఇక్కడొక చిక్కుంది. ఈ ఈపీల పాటలు దాదాపు ఏవీ ఆల్బమ్‌లలో ఉండవు. ఆల్బమ్‌లు మాత్రమే వినేవాళ్ళకు ‘లేజీ లైన్ పెయింటర్ జేన్’ లాంటి పాట తగలనే తగలదు. గాయని మోనికా క్వీన్ గొంతు కలిపిన ఆ పాట చార్టులో 41 దగ్గర ఆగిపోయింది. ఒక్క మెట్టు పైకెక్కితే టాప్ 40. జీప్‌స్టర్ కాలపు ఏడు సింగిళ్ళు, ఈపీల్లోని 25 పాటల్నీ 2005లో ‘పుష్ బార్‌మన్ టు ఓపెన్ ఓల్డ్ వూండ్స్’ అని రెండు డిస్కులుగా వేశారు. విడివిడి ఈపీల కోసం వెతక్కండి, ఇదొక్కటి చాలు.

ప్రచారం విషయంలో అప్పట్లో అంతా తలకిందులు. ఇంటర్వ్యూలు ఇచ్చేవారు కాదు, పత్రికలు ఫోటో అడిగితే స్నేహితుల ఫోటోలు పంపేవారు. కచేరీలు కూడా తక్కువే. పొగరు అనుకునేవాళ్ళు అనుకున్నారు గానీ, సగం కారణం సాంకేతికం. సెల్లో, వయొలిన్, ట్రంపెట్, మెల్లగా పాడే గొంతు, ఏడెనిమిది మంది మనుషులు. మామూలు రాక్ క్లబ్బులో ఇన్నిటికి మైకులు పెడితే గొంతు పెంచగానే స్పీకర్ శబ్దం మళ్ళీ మైకులోకి దూరి కీచుమంటుంది, తగ్గిస్తే డ్రమ్స్ కింద పాట మునిగిపోతుంది. అందుకే చర్చిలు, హాళ్ళ వైపు మొగ్గేవారు.

అయినా అభిమానులు పెరిగారు. 1998లో ‘ద బాయ్ విత్ ది అరబ్ స్ట్రాప్’ బ్రిటన్ ఆల్బమ్ చార్టులో 12వ స్థానం దాకా వెళ్ళింది. 1999లో బ్రిటన్ సంగీత పురస్కారాలైన బ్రిట్ అవార్డుల్లో కొత్త బ్యాండు బహుమతి స్టెప్స్ అనే పాప్ గ్రూపును దాటి వీళ్ళకొచ్చింది. ఓటింగు ఇంటర్నెట్‌లో, వీళ్ళ అభిమానులు కంప్యూటర్ ముందు కూర్చునే కాలేజీ పిల్లలు. దాంతో రిగ్గింగ్ అని పత్రికల్లో గోల. అదే ఏప్రిల్‌లో క్యాంబర్ శాండ్స్‌లోని హాలిడే క్యాంపులో బౌలీ వీకెండర్ అనే సంగీత పండగ పెట్టారు. బ్యాండే మిగతా బ్యాండ్లను ఎంచి పిలిచే ఈ పద్ధతి మీదే తర్వాత ఆల్ టుమారోస్ పార్టీస్ ఉత్సవాలు నడిచాయి. నన్నడిగితే ఇన్నేళ్ళ మనుగడకు అసలు కీలకం ఇదే. రేడియో దయ అక్కర్లేకుండా శ్రోతల్ని ఒకచోట చేర్చడం వీళ్ళకు అప్పటికే తెలిసింది.

మరి దెబ్బ ఎక్కడ తగిలింది? పాటల పంపకంలో. పాత నిల్వ తరిగేకొద్దీ మిగతావాళ్ళూ రాయడం, పాడడం మొదలైంది. స్టీవీ జాక్సన్, ఇసొబెల్ క్యాంప్‌బెల్, సారా మార్టిన్, స్టువర్ట్ డేవిడ్ అందరికీ వాటా. న్యాయమే, కానీ 2000 నాటి ‘ఫోల్డ్ యువర్ హ్యాండ్స్ చైల్డ్’ నలుగురు నాలుగు దిక్కులకు లాగినట్టు వినిపిస్తుంది. ఆ ఏడాదే డేవిడ్ వెళ్ళిపోయాడు. అమెరికన్ దర్శకుడు టాడ్ సోలండ్జ్ సినిమాకు వీళ్ళు చేసిన సంగీతంలో చాలా కొద్ది భాగమే తెర మీద మిగిలింది. 2002లో టూరు మధ్యలోనే క్యాంప్‌బెల్ తప్పుకుంది.

చాలా బ్యాండ్లు ఇక్కడే ఆగిపోతాయి. వీళ్ళు లేబుల్ మార్చి రఫ్ ట్రేడ్‌కు వెళ్ళారు, నిర్మాతగా ట్రెవర్ హార్న్‌ను పెట్టుకున్నారు. ఫ్రాంకీ గోస్ టు హాలీవుడ్ అనే పాప్ బ్యాండును, అప్పుడే టాటూ అనే రష్యన్ పాప్ జంటను తయారుచేసిన మనిషి. గుసగుసగా పాడే వీళ్ళకు ఆయనా అని అభిమానులు గుండెలు బాదుకున్నారు. 2003లో వచ్చిన ‘డియర్ కెటాస్ట్రఫీ వెయిట్రెస్’లో గొంతు ముందుకొచ్చింది, డ్రమ్స్ బిగుసుకున్నాయి, వాయిద్యాలు ఒకదాన్నొకటి తొక్కుకోవడం మానేశాయి. బ్రిటన్‌లో ఏటా ఉత్తమ ఆల్బమ్‌కిచ్చే మర్క్యురీ ప్రైజ్ తుది జాబితాలోకీ ఎక్కింది. రెండో బ్యాండు పుట్టింది ఇక్కడే. 2006లో టోనీ హాఫర్ నిర్మాతగా లాస్ ఏంజెలెస్‌లో చేసిన ‘ద లైఫ్ పర్స్యూట్’ ఆల్బమ్ చార్టులో 8వ స్థానానికి చేరింది. అందులోని ‘ఫన్నీ లిటిల్ ఫ్రాగ్’ 13, సింగిల్స్‌లో అదే వీళ్ళ గరిష్ఠం. అదే ఏడాది జూలైలో హాలీవుడ్ బౌల్ అనే పెద్ద ఆరుబయలు వేదిక మీద లాస్ ఏంజెలెస్ ఫిల్హార్మోనిక్ ఆర్కెస్ట్రాతో కచేరీ. చర్చి హాళ్ళ బ్యాండుకు ఇది ఎంత దూరమో చూడండి.

ఆ తర్వాతి కథ త్వరగా చెప్పుకోవచ్చు. 2010లో ‘రైట్ అబౌట్ లవ్’, 2015లో డాన్స్ వైపు తిరిగిన ‘గర్ల్స్ ఇన్ పీస్‌టైమ్ వాంట్ టు డాన్స్’. దీని మొదటి పాట ‘నోబడీస్ ఎంపైర్’లో మర్డాక్ తన జబ్బు రోజుల్ని నేరుగా చెప్పాడు, 2024లో అదే పేరుతో నవలా రాశాడు. 2019లో తమ సంగీత పండగను ఏకంగా ఓడ మీద బార్సిలోనా నుంచి కాల్యారీ దాకా పెట్టారు. కోవిడ్ వల్ల అమెరికా రికార్డింగ్ ఆగిపోతే గ్లాస్గోలోని రిహార్సల్ గదినే స్టూడియో చేసుకున్నారు. ‘ఎ బిట్ ఆఫ్ ప్రీవియస్’ (2022), ‘లేట్ డెవలపర్స్’ (2023) రెండూ ఆ గదిలోవే.

ఇక వినే పద్ధతి. ‘టైగర్‌మిల్క్’తో మొదలుపెట్టమని చాలామంది చెబుతారు, నేను చెప్పను. ముందు ‘సినిస్టర్’ వినండి, 41 నిమిషాలే, మొదటి నుంచి చివరికి ఒకే వరసలో. మొదటిసారి పల్చగా అనిపిస్తుంది. రికార్డింగ్ అంత హడావుడిగా జరిగింది, మర్డాక్‌కే తృప్తి లేదు. తేడా తెలియాలంటే అవే పాటల్ని 2005లో లండన్‌లోని బార్బికన్ హాల్లో వాయించిన లైవ్ రికార్డింగ్ ఉంది, అందులో బేస్, తీగవాద్యాలు స్పష్టంగా వినపడతాయి. రెండో అడుగు ‘పుష్ బార్‌మన్’ మొదటి డిస్కు. మూడోది ‘లైఫ్ పర్స్యూట్’. ఈ మూడూ అయ్యాకే ‘టైగర్‌మిల్క్’. ‘ఫోల్డ్ యువర్ హ్యాండ్స్’ చివరికి పెట్టుకోండి.

సినిమా పాటలు విన్న చెవికి మొదట్లో పల్లవి ఎక్కడుందో దొరకదు. ‘ద స్టేట్ ఐ యామ్ ఇన్’ లాంటివి పల్లవి కోసం ఆగవు, కథ చెప్పుకుంటూ ముందుకు పోతాయి. సాహిత్యం తెర మీద పెట్టుకుని వింటే రెండోసారికే పట్టు చిక్కుతుంది. స్కాట్లాండ్ యాస గురించి బెంగ వద్దు, మర్డాక్ ఉచ్చారణ తేటగానే ఉంటుంది.

నచ్చితే తర్వాత కెమెరా ఆబ్స్క్యూరా అనే బ్యాండు వైపు వెళ్ళండి. వాళ్ళదీ గ్లాస్గోనే, వాళ్ళ తొలినాటి పాట ‘ఎయిటీస్ ఫ్యాన్’ను నిర్మాతగా రూపొందించింది మర్డాకే. ఎల్పీలు కొనే అలవాటుంటే ఒక జాగ్రత్త: ‘టైగర్‌మిల్క్’ అసలు ముద్రణ మీద ఎలక్ట్రిక్ హనీ పేరుంటుంది, దానికి వందల పౌండ్లు అడుగుతారు. జీప్‌స్టర్ పేరుంటే అది 1999లోనో ఆ తర్వాతో వచ్చిన పునర్ముద్రణ. పాటలు అవే కాబట్టి వినడానికి అదే కొనుక్కోండి, పాతదని చెప్పి ఎక్కువ అడిగితే మాత్రం ఇవ్వకండి.