‘మండలి’ ఎప్పుడు ‘శాసనసభ’ అయింది?

సందేహం: పోటీ పరీక్షలకు చదువుతున్న మా అమ్మాయికి అరుణాచల్ ప్రదేశ్ చరిత్రపై తెలుగులో నోట్సు రాసి ఇస్తున్నాను. అక్కడి శాసనసభ 1969లో ఏర్పడిందని ఒకచోట, 1975లో అని మరోచోట, 1978లో అని ఇంకోచోట చదివాను. ‘ఏజెన్సీ మండలి’, ‘ప్రదేశ్ మండలి’ అన్న మాటలూ కనిపించాయి. ఇవి మన శాసనమండలి వంటివేనా? అసలు అరుణాచల్ అనాలా, అరుణాంచల్ అనాలా?

సమాధానం: మీరు చూసిన మూడు సంవత్సరాలకూ ఆధారం ఉంది. వేరువేరు సంస్థలను ‘శాసనసభ’ అన్న ఒక్క పేరుతో పిలవడం వల్లే చిక్కు వచ్చింది.

ముందు ‘ఏజెన్సీ’ సంగతి చూద్దాం. ఈ మాట మనకు కొత్తది కాదు. 1839 నాటి చట్టంతో గంజాం, విశాఖపట్నం జిల్లాల కొండ ప్రాంతాలను మామూలు చట్టాల పరిధి నుంచి తప్పించి, కలెక్టరును గవర్నరు ఏజెంటుగా నియమించి పాలించారు. ఏజెంటు పాలన ఉన్నచోటు ఏజెన్సీ అయింది. ఇప్పుడు ఆ ఏజెంటూ లేడు, ఆ పాలనా లేదు. అయినా మనం ‘ఏజెన్సీలో చలి పెరిగింది’ అంటూనే ఉన్నాం. పాలనా పద్ధతి పేరు మన భాషలో మన్యానికి పర్యాయపదంగా స్థిరపడిపోయింది.

అరుణాచల్ ప్రదేశ్ పాత పేరైన ‘ఈశాన్య సరిహద్దు ఏజెన్సీ’లోనూ ఆ మాట వెనుక అలాంటి ఏర్పాటే ఉంది. 1954 నుంచి వాడుకలో ఉన్న ఈ పేరును ఇంగ్లిషు పొడి అక్షరాలతో ‘నేఫా’ అనేవారు. రాజ్యాంగం ప్రకారం అది అస్సాంలో భాగమే. కానీ దాని పాలనను రాష్ట్రపతి తరఫున ఏజెంటు హోదాలో అస్సాం గవర్నరు చూసేవారు. అక్కడి ప్రజలకు అస్సాం శాసనసభలో ప్రతినిధులు లేరు. 1965 దాకా ఆ ప్రాంత వ్యవహారాలు విదేశాంగ శాఖ చేతిలో ఉండేవంటే, అక్కడివారికి చట్టసభ ఎంత దూరంలో ఉండేదో ఊహించవచ్చు.

దయింగ్ ఎరింగ్ అధ్యక్షతన ఏర్పడిన కమిటీ సిఫార్సుల మీద 1967లో పంచాయతీరాజ్ నిబంధనలు వచ్చాయి. గ్రామ పంచాయతీ, దానిపైన అంచల్ సమితి, ఆపైన జిల్లా పరిషత్తు, అన్నిటికీ పైన ఏజెన్సీ కౌన్సిల్. మీరు చూసిన 1969 ఈ కౌన్సిల్ ఏర్పడిన సంవత్సరం. గవర్నరు దానికి అధ్యక్షుడు. సభ్యులు సలహా చెప్పగలరు, చట్టం చేయలేరు.

‘శాసనం’ అన్న మాటకు మూలం ‘శాస్’ ధాతువు. ఆజ్ఞాపించడం, ఏలడం దాని అర్థాలు. రాజు ఆజ్ఞను రాతిమీద చెక్కినా, రాగిరేకు మీద గీసినా దాన్ని శాసనమే అన్నాం. ఆజ్ఞకు ఉన్న కట్టుబాటు సలహాకు ఉండదు. కాబట్టి సలహా మాత్రమే చెప్పే సంస్థను ‘శాసనసభ’ అనడం తప్పు. అక్కడివారు శాసనాధికారం కోసం ఎదురుచూసిన సంవత్సరాలను ఆ పేరు కనబడకుండా చేస్తుంది. నాకు బాధ కలిగించేది అదే.

కౌన్సిల్‌ను ‘మండలి’ అనడంలో వ్యాకరణ దోషం లేదు. మండలి అంటే గుంపు, సమూహం. అయితే నేటి పత్రికా భాషలో ‘మండలి’ అని ఒంటరిగా రాస్తే పాఠకుడికి తట్టేది శాసనమండలి, అంటే ఎగువ సభ. అరుణాచల్‌లో ఎగువ సభ ఎప్పుడూ లేదు. అందుకే ‘సలహా మండలి’ అని విడమరచండి, లేదా ‘కౌన్సిల్’ అనే ఉంచండి.

1972 జనవరి 20న నేఫా కేంద్రపాలిత ప్రాంతమైంది, అరుణాచల్ ప్రదేశ్ అన్న పేరు వచ్చింది. అదే ఏడాది ఏజెన్సీ కౌన్సిల్ స్థానంలో ప్రదేశ్ కౌన్సిల్ ఏర్పడింది. అదీ సలహా సంస్థే. 1975 ఆగస్టు 15న ఆ ప్రదేశ్ కౌన్సిలే తాత్కాలిక శాసనసభగా మారింది. ప్రేమ్ ఖండూ తుంగన్ తొలి ముఖ్యమంత్రి అయ్యారు. ‘శాసన’ అన్న మాటకు అర్హత వచ్చింది ఆ రోజునే. దీన్ని కొందరు ‘ఆపద్ధర్మ శాసనసభ’ అని రాస్తున్నారు, అది పొరపాటు. పదవీకాలం ముగిశాక కొత్త ప్రభుత్వం వచ్చేదాకా కొనసాగేది ఆపద్ధర్మ ప్రభుత్వం. ఎన్నికలతో పూర్తి సభ ఏర్పడేదాకా పనిచేసేది తాత్కాలిక సభ. ఆ ఎన్నికలు 1978లో 30 స్థానాలకు జరిగాయి.

రాష్ట్రం కాకుండానే శాసనసభ ఉంటుందా అని మీ అమ్మాయి అడిగితే యానాం చూపించండి. అక్కడి తెలుగువారు పుదుచ్చేరి శాసనసభకు ఎమ్మెల్యేను ఎన్నుకుంటారు. పుదుచ్చేరి ఇప్పటికీ కేంద్రపాలిత ప్రాంతమే. అరుణాచల్ 1987 ఫిబ్రవరి 20న రాష్ట్రమైంది. అంతకు ముందటి సభను ‘రాష్ట్ర శాసనసభ’ అనకూడదు.

ఇక అరుణాచల్, అరుణాంచల్. సున్నా లేనిదే సరైన రూపం. అరుణ, అచల కలిసి సవర్ణదీర్ఘ సంధితో అరుణాచల అయింది. అచలం అంటే కదలనిది, కొండ. తిరువణ్ణామలైని మనవాళ్లు అరుణాచలం అని పిలిచేదీ ఈ మాటతోనే. ‘అంచలం’ వేరు. దానికి చీర చెరగు, అంచు అని అర్థం, హిందీలో ప్రాంతం అనే అర్థం కూడా ఉంది. పైన చెప్పిన అంచల్ సమితిలో ఉన్నది ఆ మాటే. ఉత్తరాఖండ్ పాత పేరు ఉత్తరాంచల్‌లో ఉన్నదీ అదే. ఆ పేరు చెవిన పడీపడీ సున్నా ఇక్కడికీ వచ్చి చేరి ఉంటుంది.

మీ నోట్సులో ఇలా రాయండి: ‘1969లో ఏజెన్సీ కౌన్సిల్, 1972లో ప్రదేశ్ కౌన్సిల్ సలహా సంస్థలుగా ఏర్పడ్డాయి. 1975లో తాత్కాలిక శాసనసభ ఏర్పడింది. 1978లో తొలి శాసనసభ ఎన్నికలు జరిగాయి. 1987లో అది రాష్ట్ర శాసనసభ అయింది.’