కుక్కను ఎవరు తిప్పితే ఆరోగ్యం వారికే

కుక్క ఉంటే బీపీ తగ్గుతుందా, పిల్లలకు ఆయాసం వస్తుందా, ఉద్యోగస్తులకు కుదురుతుందా అని బెంగళూరు తెలుగువాళ్ళు చాలామంది అడిగారు. ఈసారి వాటిలో ఆరింటికి జవాబులు.

ప్రశ్న: మా నాన్నగారికి 67 ఏళ్ళు. అమ్మ పోయాక గుంటూరు వదిలి మా దగ్గరికి వచ్చేశారు. బీపీ, షుగరు ఉన్నాయి. డాక్టరు నడవమంటే రెండు రోజులు నడిచి మానేస్తారు. పొద్దస్తమానం టీవీ ముందే. కుక్కను పెంచితే గుండెకు మంచిదట కదా, లాబ్రడార్ పిల్లను తెచ్చిపెడదామనుకుంటున్నాం. సరేనా?
– ఒక పాఠకుడు, వైట్‌ఫీల్డ్

జవాబు: కుక్క ఆలోచన మంచిదే. లాబ్రడార్ పిల్ల మాత్రం వద్దు.

మీరు విన్న మాటకు ఆధారం లేకపోలేదు. స్వీడన్‌లో 40 నుంచి 80 ఏళ్ళ వయసున్న దాదాపు 34 లక్షల మంది రికార్డులను 12 ఏళ్ళ కాలానికి పరిశీలించి, 2017లో ఫలితాలు ప్రచురించారు. ఒంటరిగా ఉంటూ కుక్కను పెంచేవారిలో, కుక్క లేని ఒంటరివారి కంటే మరణాల ముప్పు 33 శాతం తక్కువగా కనిపించింది. నలుగురున్న ఇళ్ళలో ఆ తేడా 11 శాతమే. ఒంటరి మనిషి కుక్కను ఆ మనిషే తిప్పాలి, ఎండయినా వానయినా. నలుగురున్న ఇంట్లో ‘ఇవాళ నువ్వు తీసుకెళ్ళు’ అనడానికి వీలుంటుంది. తేడాకు ఇదొక్కటే కారణం కాకపోవచ్చు. కాస్త ఓపిక ఉన్నవాళ్ళే కుక్కను తెచ్చుకుంటారన్న సంగతీ ఇందులో కలిసి ఉంటుంది. అందుకే అమెరికన్ హార్ట్ అసోసియేషన్ 2013లో, కుక్క పెంపకం గుండెజబ్బు ముప్పు తగ్గడానికి తోడ్పడవచ్చంటూనే, కేవలం అందుకోసమే కుక్కను తెచ్చుకోవద్దని కూడా చెప్పింది.

మీ ఇంటికి వస్తే, కుక్కను మీరు తిప్పితే లాభం మీకు. డాగ్ వాకర్‌ను పెట్టుకుంటే లాభం ఆ కుర్రాడికి. నాన్నగారు సోఫాలోనే ఉంటారు. పొద్దుట నడక ఆయనదేనని కుక్క రాకముందే తేల్చుకోండి. ఆయనకు అసలు కుక్కలంటే ఇష్టమేనా? ఆ మాట మీ ఉత్తరంలో ఎక్కడా లేదు.

ఇక పిల్ల ఎందుకు వద్దంటే, ఆరు నుంచి ఎనిమిది వారాల వయసులో మొదలుపెట్టిన టీకాలు పూర్తయ్యేసరికి దానికి నాలుగు నెలలు నిండుతాయి. అప్పటిదాకా నలుగురి కుక్కలు తిరిగే రోడ్డు మీద దింపకూడదు, కుక్కపిల్లల ప్రాణాలు తీసే పార్వో వైరస్ మట్టిలో నెలల తరబడి ఉంటుంది. అంటే నాన్నగారి నడక మొదలు కాకముందే రెండు నెలలు ఇంట్లో తడి తుడవడంతో, సూదుల్లాంటి పాలపళ్ళ గాట్లతో గడిచిపోతాయి. ఏడాది తిరిగేసరికి అదే పిల్ల 28–30 కిలోలై, పిల్లి కనబడితే చాలు లాక్కుపోతుంది.

మీకు సరిపోయేది మూడు నుంచి ఐదేళ్ళ వయసు, 12–18 కిలోల బరువు ఉన్న, కుటుంబనియంత్రణ ఆపరేషన్ అయిన నాటు కుక్క. బెంగళూరులో దత్తత ఇచ్చే షెల్టర్లు చాలా ఉన్నాయి. పిల్ల ఎలా తయారవుతుందో ఎవరూ చెప్పలేరు, పెద్దదాని స్వభావం మాత్రం కళ్ళముందే ఉంటుంది. తెచ్చుకునే ముందు రెండు మూడుసార్లు నాన్నగారి చేతికే బెల్టు ఇచ్చి షెల్టర్‌లో తిప్పించండి. లాగుతుందా, బండ్ల చప్పుడుకు బెదురుతుందా, తిండిగిన్నె దగ్గర గుర్రుమంటుందా అన్నవి అక్కడే చూసుకోండి.

నడక ఎలాగంటారా? పెద్దలకు వారానికి కనీసం 150 నిమిషాలు, కాస్త ఆయాసం తెలిసే వేగంతో నడవాలన్నది ప్రపంచ ఆరోగ్య సంస్థ మాట. రోజుకు 22 నిమిషాలన్నమాట. ప్రతి కరెంటు స్తంభం దగ్గరా ఆగి వాసన చూసే కుక్కతో ఈసురోమంటూ సాగితే అది లెక్కలోకి రాదు. మొదటి ఐదు నిమిషాలు, చివరి ఐదు నిమిషాలు దాని ఇష్టానికి వదిలి, మధ్యలో 15–20 నిమిషాలు ఆగకుండా నడిపించాలి. మాట్లాడగలగాలి, పాట పాడలేకపోవాలి – వేగానికి అదే కొలత. మొదటి వారం పూటకు పది నిమిషాలు చాలు, తర్వాత వారానికి ఐదేసి పెంచుకుంటూ పొండి. ఇన్సులిన్ గానీ గ్లైమిపిరైడ్ లాంటి షుగరు మాత్రలు గానీ వాడుతుంటే పరగడుపున బయల్దేరకూడదు, షుగరు పడిపోవచ్చు. జేబులో మూడు చెంచాల గ్లూకోజ్ పొడి పొట్లం ఉండాలి.

ఈ వయసులో అసలు భయం గుండె గురించి కాదు, పడిపోవడం గురించి. అమెరికాలో 65 దాటినవారిలో కుక్కను బెల్టుతో నడిపిస్తూ ఎముకలు విరిగిన కేసులు 2004లో సుమారు 1,670 అయితే 2017కి 4,400కు చేరాయి. తుంటి, మణికట్టు, పైచేయి – ఎక్కువగా విరిగేవి ఇవే. బెల్టును మణికట్టుకు చుట్టుకోవడం అందరూ చేసే తప్పు. కుక్క ఒక్కసారి ఉరికితే చెయ్యి వదిలించుకునే వీలుండదు, మనిషి బోర్లా పడతాడు. బెల్టు చివరి ఉచ్చులోకి బొటనవేలు మాత్రమే దూర్చి, మిగిలిన బెల్టును మడతలుగా అరచేతిలో పెట్టుకుని పిడికిలి బిగించాలి. లాగుడు మరీ ఎక్కువైతే పిడికిలి తెరిస్తే చాలు, బెల్టు జారిపోతుంది. కుక్కను వెతికి తెచ్చుకోవచ్చు, తుంటి ఎముకను అంత తేలిగ్గా అతికించలేం. బెల్టు పొడవు ఐదారు అడుగులు మించొద్దు. చక్రంలోంచి సాగే రకం అసలే వద్దు. మెడపట్టీ బదులు ఛాతీ ముందు రింగు ఉన్న హార్నెస్ (ఒంటి చుట్టూ వేసే పట్టీ) వేస్తే లాగుడు తగ్గుతుంది. హవాయి చెప్పులతో వెళ్ళనివ్వకండి.

వీధికుక్కలు ఎదురైతే పరుగెత్తకూడదు, మన కుక్కను ఎత్తుకోకూడదు. ఎత్తుకుంటే అవి మనిషి మీదికే ఎగురుతాయి. బెల్టు కురచ చేసుకుని, వాటికీ మన కుక్కకూ మధ్య మనం ఉండేలా తిరిగి, నెమ్మదిగా వెనక్కి మళ్ళాలి. చేతికర్రతో నేల మీద తడితే చాలు, విసరక్కర్లేదు. ఎవరైనా వాటికి అన్నం పెట్టే వేళకు ఆ సందులోకి వెళ్ళకపోతే సగం గొడవ తప్పుతుంది.

లెక్కల్లో కనిపించని లాభం ఇంకోటి ఉంది. భాష తెలియని ఊళ్ళో ఆయనతో ఇప్పుడు మాట్లాడేవారెవరు? కుక్కను తిప్పే మనిషిని ఎదుటివాళ్ళే పలకరిస్తారు. నెల తిరిగేసరికి ఆయన పేరు తెలియకపోయినా ‘ఫలానా కుక్క తాతగారు’గా లేఅవుట్ అంతా గుర్తుపడుతుంది.

ప్రశ్న: మా నాలుగేళ్ళ పాపకు తరచూ పిల్లికూతలు, తుమ్ములు. ఇంట్లో రెండేళ్ళుగా కుక్క ఉంది. దాని వెంట్రుకలు కడుపులోకి పోతున్నాయి, వెంటనే ఎవరికైనా ఇచ్చెయ్యండని మా అత్తగారు గొడవ. చిన్నప్పటి నుంచి కుక్క ఉంటే ఉబ్బసం రాదని చదివాను. ఏది నిజం?
– ఒక పాఠకురాలు, కె.ఆర్. పురం

జవాబు: రెండింట్లోనూ కొంత నిజముంది. స్వీడన్ పిల్లల మీద 2015లో వచ్చిన పరిశోధనలో, పుట్టిన మొదటి ఏడాది కుక్క ఉన్న ఇంట్లో పెరిగినవారికి బడి వయసులో ఉబ్బసం 13 శాతం తక్కువగా కనిపించింది. అది రాకుండా కాపాడే సంగతి. వచ్చిన ఉబ్బసానికి కుక్క మందు కాదు, పడకపోతే ఎక్కువ చేస్తుంది కూడా.

అత్తగారు అనుకుంటున్నట్టు తప్పు వెంట్రుకది కాదు. కుక్క ఉమ్ములో, చర్మం పొట్టులో, మూత్రంలో ఉండే ప్రొటీన్లది. వెంట్రుక వాటిని మోసుకొస్తుందంతే. అందుకే ‘వెంట్రుకలు రాలని జాతి, ఎలర్జీ రాదు’ అని అమ్మేవారి మాట నమ్మకండి. ఎలర్జీ రాని జాతంటూ లేదు.

ముందు తేల్చాల్సింది పాపకు పడనిది కుక్కేనా అన్నది. బెంగళూరులో పార్థీనియం (వయ్యారిభామ కలుపుమొక్క), చెట్ల పుప్పొడి, పరుపుల్లోని దుమ్ముపురుగులు, వానాకాలం గోడల బూజు, ఇవన్నీ ఇవే లక్షణాలు తెస్తాయి. ఎలర్జీ డాక్టరు దగ్గర చర్మపరీక్ష చేయిస్తే తెలిసిపోతుంది. కుక్కను నాలుగు రోజులు చుట్టాలింట్లో పెట్టి ‘తగ్గలేదు కాబట్టి కుక్క కాదు’ అనుకోవడం పొరపాటు, ఆ ప్రొటీన్లు సోఫాల్లో, తివాచీల్లో నెలల తరబడి ఉంటాయి.

పరీక్షలో కుక్కేనని తేలినా, ఉబ్బసం తేలికపాటిదైతే ముందు ఇవి చేసి చూడండి. పాప పడుకునే గదిలోకి కుక్క అడుగు పెట్టకూడదు, పగలు కూడా. ఆ గదిలో సన్నని దుమ్మును కూడా పట్టే హెపా ఫిల్టరున్న ఎయిర్ ప్యూరిఫయర్ పెట్టండి. దుప్పట్లు వారానికోసారి వేడినీళ్ళలో ఉతకండి. కుక్కకు వారానికి రెండుసార్లు స్నానం చేయించండి. అంతకంటే దూరమైతే ఫలితం ఉండదు, రెండు మూడు రోజుల్లో పొట్టు మళ్ళీ చేరుతుంది. మనుషుల షాంపూ వాడితే దాని చర్మం ఎండి పొట్టు ఇంకా రాలుతుంది. ఇవన్నీ చేసినా పాప ఇన్‌హేలర్ లేకుండా నిద్రపోలేకపోతుంటే, అప్పుడు అత్తగారి మాట వినక తప్పదు.

కడుపులోకి పోతే నిజంగా ప్రమాదమైనవి నులిపురుగుల గుడ్లు. మలంతో పడ్డ గుడ్లు మట్టిలో రెండు మూడు వారాలుంటేనే అంటుకునే స్థితికి వస్తాయి. కాబట్టి మలాన్ని ఏ రోజుకారోజు తీసెయ్యడం, పెద్ద కుక్కకు మూడు నెలలకోసారి బరువును బట్టి నులిపురుగుల మందు వెయ్యడం, ఆటయ్యాక పాప చేతులు సబ్బుతో కడగడం – ఈ మూడూ తప్పనివ్వకండి.

ప్రశ్న: మేమిద్దరం ఐటీ ఉద్యోగులం. ఉదయం 9కి వెళ్తే రాత్రి 8కి వస్తాం. ఒత్తిడి తట్టుకోలేక కుక్కను తెచ్చుకోవాలనుకుంటున్నాం.
– భార్యాభర్తలు, మారతహళ్ళి

జవాబు: ఒత్తిడి తగ్గే మాట నిజమే. వాషింగ్టన్ స్టేట్ యూనివర్సిటీలో 249 మంది విద్యార్థులతో చేసిన ప్రయోగంలో, పది నిమిషాలు కుక్కల్నీ పిల్లుల్నీ నిమిరినవారి ఉమ్ములో ఒత్తిడి హార్మోను కార్టిసాల్ తగ్గింది. పది నిమిషాలు మీకు. మిగిలిన పదకొండు గంటలు కుక్కకు.

పెద్ద కుక్క ఇబ్బంది లేకుండా ఒంటరిగా ఉండగలిగేది నాలుగు నుంచి ఆరు గంటలు. ఆ తర్వాత తలుపు గీరడం, కాళ్ళు నాకి నాకి పుళ్ళు చేసుకోవడం, ఆగకుండా మొరగడం. పక్క ఫ్లాట్ నుంచి వచ్చే వాట్సాప్ మెసేజీలతో మీ ఒత్తిడి రెట్టింపవుతుంది. మీలో ఒకరికి వారంలో మూడు రోజులైనా ఇంటి నుంచి పని ఉంటే, మిగతా రోజుల్లో మధ్యాహ్నం వచ్చి తిప్పే మనిషి దొరికితే, అప్పుడు ఆలోచించండి.

ఒక పరీక్ష పెట్టుకోండి. రెండు వారాలు, కుక్క లేకుండానే, రోజూ పొద్దున ఆరుకు అరగంట, రాత్రి ఎనిమిదిన్నరకు అరగంట ఇద్దరిలో ఒకరు కిందికి దిగి నడవండి. పది రోజులకే మానేస్తే మీ జవాబు మీకే దొరికింది. నిలబెట్టుకుంటే ఒత్తిడి అప్పటికే కొంత తగ్గి ఉంటుంది. ఈలోగా శని, ఆదివారాల్లో ఏదైనా షెల్టర్‌కు వెళ్ళి కుక్కల్ని తిప్పి రండి, వాళ్ళకు ఎప్పుడూ మనుషులు కావాలి.

ప్రశ్న: మాది శాకాహారం. మా స్పిట్జ్‌కు మూడు పూటలా పెరుగన్నమే. పది కిలోలుండాల్సింది పద్నాలుగు అయింది. నాలుగడుగులు వేసి కూలబడుతుంది. దాంతోపాటు నా నడకా ఆగింది.
– ఒక పాఠకురాలు, జయనగర్

జవాబు: పెరుగన్నం విషం కాదు, కానీ సరైన తిండి కూడా కాదు. పది కిలోల కుక్కకు రోజుకు 600 కేలరీలు దాటనక్కర్లేదు. ఒక కప్పు అన్నమే 200 దాకా ఉంటుంది. మూడు పూటల అన్నం, పెరుగు, మధ్యమధ్య మేరీ బిస్కెట్లు కలిపి చూసుకోండి. పైగా అందులో ప్రొటీను చాలదు. కొవ్వు పెరుగుతుంది, కండ కరుగుతుంది.

ముందు పశువైద్యుడికి చూపించండి. ఈ జాతిలో కూలబడటానికి గుండె గానీ, మెత్తబడ్డ గొంతుగొట్టం గానీ కారణం కావచ్చు. బాతు అరిచినట్టు దగ్గుతుంటే మెడపట్టీ ఇవాళే తీసేసి హార్నెస్ వెయ్యండి. గుండె బాగుందంటే రోజుకు 400 కేలరీల చుట్టూ, రెండు పూటలుగా పెట్టండి. ‘కంప్లీట్’ అని రాసి ఉన్న శాకాహార డాగ్ ఫుడ్ దొరుకుతుంది. ఇంట్లో అభ్యంతరం లేకపోతే ఉడికించిన గుడ్డు ఇంకా మేలు. ఒకేసారి మారిస్తే విరేచనాలవుతాయి. పాత తిండిలో పావు వంతు తీసి కొత్తది కలుపుతూ ఎనిమిది పది రోజుల్లో మార్చండి. వారానికి 150–250 గ్రాములు తగ్గితే చాలు, కాబట్టి ఇది నాలుగు నుంచి ఆరు నెలల పని. పిడికిలి బిగించి వేళ్ళ కణుపుల మీద తడిమితే ఎముకలు ఎలా తగులుతాయో, కుక్క పక్కటెముకలు అలా తగిలితే బరువు మరీ తగ్గిపోయినట్టు. అరచెయ్యి బోర్లా పెట్టి వేళ్ళ వెనక తడిమినట్టు, పైన పలుచని పొర ఉండి తగిలితే సరిపోయినట్టు.

ఇంట్లోవాళ్ళందరికీ చెప్పండి: ఉల్లిపాయ పడ్డ పప్పు, సాంబారు, ఎండుద్రాక్ష వేసిన పాయసం, చాక్లెట్ ఒక్క ముద్ద కూడా వద్దు. ఉల్లి దాని ఎర్ర రక్తకణాలను, ద్రాక్ష కిడ్నీలను దెబ్బతీస్తాయి. మార్చి నుంచి మే దాకా పొద్దున ఎనిమిది దాటాక తిప్పకండి. తారురోడ్డు మీద అరచేతి వెనక వైపు ఏడు సెకన్లు ఆన్చలేకపోతే దాని పాదాలు కాలుతున్నట్టే.

ప్రశ్న: ఆడుతుంటే మా కుక్క పన్ను గీరుకుని రక్తం వచ్చింది. దానికి టీకాలు వేయించాం. నేనూ ఇంజెక్షన్లు వేయించుకోవాలా?
– ఒక పాఠకుడు, బి.టి.ఎం. లేఅవుట్

జవాబు: ఆసుపత్రికి వెళ్ళండి, ఇవాళే. అంతకంటే ముందు ధారగా పడే నీళ్ళ కింద సబ్బుతో 15 నిమిషాలు, గడియారం చూసి మరీ కడగండి. తర్వాత పోవిడోన్ అయోడిన్ రాయండి. పసుపు, సున్నం, కాఫీపొడి, కారం ఏవీ పెట్టొద్దు. కట్టు కట్టొద్దు. రక్తం వచ్చిన గాయం అన్నిటికంటే తీవ్రమైన మూడో రకం కిందికి వస్తుంది కాబట్టి టీకాతోపాటు గాయం చుట్టూ ఇమ్యునోగ్లోబ్యులిన్ (వైరస్‌ను వెంటనే అడ్డుకునే యాంటీబాడీల ఇంజెక్షన్) అవసరమా అన్నది డాక్టరు చెబుతారు. కండకు వేసే టీకాలైతే 0, 3, 7, 14, 28 రోజుల్లో. మీ కుక్క టీకా కార్డు వెంట తీసుకెళ్ళండి. దాన్ని పది రోజులు కనిపెట్టి ఉండండి. పది రోజులూ అది ఆరోగ్యంగా ఉంటే మిగతా డోసుల సంగతి డాక్టరే నిర్ణయిస్తారు. రేబిస్ లక్షణాలు బయటపడ్డాక దాదాపు ఎవరూ బతకరు, అందుకే ‘చూద్దాంలే’ అనడానికి లేదు.

ప్రశ్న: మా అపార్ట్‌మెంటు సంఘం కుక్కను లిఫ్టులో తేవద్దంటోంది. ఏడో అంతస్తు, నాకు మోకాళ్ళ నొప్పులు.
– ఒక పాఠకురాలు, ఎలక్ట్రానిక్ సిటీ

జవాబు: భారత జంతు సంక్షేమ బోర్డు 2015లో ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం పెంపుడు కుక్కల్ని సంఘాలు నిషేధించడానికి గానీ, లిఫ్టు వాడనివ్వకపోవడానికి గానీ వీల్లేదు. ఆ ప్రతిని జతచేసి సంఘానికి రాతపూర్వకంగా ఇవ్వండి, నోటిమాటతో వాదనే మిగులుతుంది. వెంటనే కుక్క రేబిస్ టీకా కార్డు నకలు కూడా ఇవ్వండి. లిఫ్టులోకి ఎక్కేటప్పుడు ముందు మీరు అడుగుపెట్టి, బెల్టు రెండడుగులకు కుదించి, కుక్కను మూల వైపు కూర్చోబెట్టి దానికీ తలుపుకూ మధ్య మీరు నిలబడండి. లోపల ఎవరైనా భయపడే పిల్లలుంటే ఆ లిఫ్టు వదిలేసి తర్వాతది ఎక్కండి. చేతిలో పాత న్యూస్‌పేపరు, కవరు కనబడేలా పట్టుకెళ్ళండి. కార్యదర్శి కోపం చాలావరకు కుక్క మీద ఉండదు, మెట్ల దగ్గర ఎవరో వదిలేసిన దాని మీద ఉంటుంది.