లైసెన్సు పెట్టేముందు హక్కు ఎవరిదో తేల్చుకో

అమ్మాయీ,

ఆశీస్సులు. మీ తాతయ్య కథల పుస్తకాన్ని పుస్తకాలు ఉచితంగా చదువుకునే తెలుగు వికీసోర్సులోకి, నువ్వు తీసిన లేపాక్షి ఫొటోలను ఎవరైనా వాడుకునే ఫొటోల భండారమైన వికీమీడియా కామన్స్‌లోకి ఎక్కించాలనుకుంటున్నానని రాశావు. చాలా సంతోషం. ఏ లైసెన్సు (ఇతరులు ఎలా వాడుకోవచ్చో చెప్పే అనుమతి) పెట్టాలని అడిగావు గానీ, దానికంటే ముందు కాపీరైటు హక్కు ఎవరిదో తేలాలి. మనది కానిదానికి మనం లైసెన్సు ఇస్తే చెల్లదు. దాన్ని నమ్మి వాడుకున్నవాళ్లు కూడా చిక్కుల్లో పడతారు.

ముందు పుస్తకం సంగతి. మన 1957 కాపీరైటు చట్టం ప్రకారం రచయిత పోయిన మరుసటి ఏడాది మొదటి రోజు నుంచి 60 ఏళ్లు హక్కు నడుస్తుంది. 1964లో పోయినవారి రచనలు 2025 జనవరి 1 నుంచి అందరివీ అయ్యాయి. తాతయ్య 1998లో పోయారు కాబట్టి 2058 చివరిదాకా హక్కు వారసులదే. వీలునామా లేకపోతే మీ అమ్మ ఒక్కతే సంతకం పెడితే చాలదు, మామయ్యలిద్దరూ పెట్టాలి. ప్రచురణకర్తకు హక్కులు రాసిచ్చారేమో పాత కాగితాలు తీసి చూడు. ఒప్పందంలో గడువు రాయకపోతే అయిదేళ్లేనని చట్టం అంటుంది కానీ, ఈ సూత్రం 1995కి ముందు రాసుకున్నవాటికి వర్తించదు. అందుకే కాగితం మీద తేదీ ముఖ్యం.

ముఖచిత్రం దగ్గర చాలామంది పొరబడతారు. దాని హక్కు చిత్రకారుడిది కావచ్చు, డబ్బిచ్చి వేయించుకున్న ప్రచురణకర్తది కావచ్చు. పుస్తకం తాతయ్యది కాబట్టి అట్ట కూడా ఆయనదే అనుకోకు. ముందుమాట రాసినవారి హక్కూ వేరే. అనుమతి దొరక్కపోతే ఆ పేజీలు పక్కనపెట్టి కథలు ఎక్కించు.

ఫొటోలకు ఇంత తంటా లేదు. లేపాక్షి నంది, గుడి పైకప్పు మీది బొమ్మలు విజయనగర కాలం నాటివి, వాటికి కాపీరైటు లేదు. నువ్వు తీసిన ఫొటో నీదే. ట్యాంక్‌బండ్ విగ్రహాల్లాగా బహిరంగ స్థలంలో శాశ్వతంగా నిలిపిన శిల్పాలను కూడా ఫొటో తీసి పంచుకోవచ్చు, చట్టంలో 52వ సెక్షను ఆ వీలు కల్పించింది. గోడ మీది బొమ్మలకు మాత్రం ఆ సడలింపు లేదు. ఫ్లైఓవరు స్తంభాల మీద ఈమధ్య వేసిన చిత్రాన్ని నిండుగా తీసి ఎక్కిస్తే కామన్స్‌లో తీసేస్తారు.

ఇక లైసెన్సు. క్రియేటివ్ కామన్స్ (సీసీ) అనే సంస్థ అందరికోసం రాసిపెట్టిన లైసెన్సులు ఆరున్నాయి, అన్నీ నాలుగు ముక్కల కలయికే. బై అంటే పేరు చెప్పాలి. ఎస్ఏ అంటే మార్చి పంచేవాళ్లు అదే లైసెన్సుతో పంచాలి. ఎన్‌సీ అంటే వ్యాపారానికి వాడకూడదు. ఎన్‌డీ అంటే మార్చినదాన్ని పంచకూడదు.

మన కష్టంతో ఎవరో సొమ్ము చేసుకుంటారన్న భయంతో కొత్తవాళ్లంతా ఎన్‌సీ వైపు మొగ్గుతారు. కానీ దానివల్ల ఆగిపోయేది ఎవరో చూడు: ఇరవై రూపాయలకు అమ్ముకునే చిన్న పత్రిక, ప్రకటనలొచ్చే యూట్యూబ్ చానల్లో కథలు చదివే పిల్ల. ఎన్‌డీ ఇంకా గట్టి తలుపు. అనువాదం కూడా మార్పు కిందికే వస్తుంది కాబట్టి తాతయ్య కథను కన్నడంలోకి తెచ్చి అచ్చువేయాలంటే మళ్లీ వారసులు ముగ్గురి ఇళ్లూ తిరగాలి. పైగా ఈ రెండు ముక్కల్లో ఏ ఒక్కటి ఉన్నా ఆ ఫైలును కామన్స్ అసలు తీసుకోదు.

నా మాట వింటే పుస్తకానికీ ఫొటోలకూ సీసీ బై-ఎస్ఏ 4.0 పెట్టు (4.0 అన్నది ఆ లైసెన్సు కూర్పు సంఖ్య). తెలుగు వికీపీడియా వ్యాసాలున్నదీ దీనికిందే. నీ ఫొటోను ఒక పత్రిక వ్యాసం పక్కన వేసుకుంటే ఆ వ్యాసమంతా ఇదే లైసెన్సులోకి రానక్కర్లేదు, ఫొటోను మార్చి వాడితే ఆ మార్చిన ఫొటోకే ఈ షరతు. ఒక్కటి గుర్తుంచుకో, ఇచ్చాక వెనక్కి తీసుకోలేవు. నువ్వు ఫైలు తీసేసినా అప్పటికే తీసుకున్నవాళ్ల హక్కు పోదు. అందుకే పది ఫొటోలతో మొదలుపెట్టు. గుళ్లో ఆడుకుంటున్న పిల్లల ముఖాలు స్పష్టంగా ఉన్నవి వద్దు. లైసెన్సు నీ హక్కు గురించే గానీ వాళ్ల గోప్యత గురించి కాదు.

ఎక్కించేటప్పుడు కెమెరాలోని అసలు ఫైలే పెట్టు. వాట్సాప్‌లో తిరిగొచ్చిన కాపీలో తీసిన తేదీ, కెమెరా వివరాలు చెరిగిపోతాయి, చిన్నదవుతుంది, ఎక్కడి నుంచో తెచ్చారని అనుమానిస్తారు. పుస్తకం హక్కు నీ ఒక్కదానిది కాదు కాబట్టి దానికి మాత్రం కామన్స్ అనుమతుల బృందానికి వారసుల ఈమెయిల్ వెళ్లాలి. అందులో "వికీపీడియాలో వాడుకోవచ్చు" అని రాస్తే తిప్పి పంపుతారు. ఎవరైనా, వ్యాపారానికైనా, మార్చుకునైనా వాడుకోవచ్చని, లైసెన్సు పేరు 4.0 అంకెతో సహా రాయాలి.

ఇతరుల ఫొటో నువ్వు వాడితే కింద ఇలా ఉండాలి: "లేపాక్షి నంది. ఫొటో: తీసినవారి పేరు. వికీమీడియా కామన్స్. సీసీ బై-ఎస్ఏ 4.0. అంచులు కత్తిరించాం." ఫైలుకీ లైసెన్సుకీ లింకులివ్వు. "గూగుల్ సౌజన్యంతో" అన్నది లెక్కలోకి రాదు. నీ ఫొటోను ఎవరైనా పేరు లేకుండా వేస్తే ముందు మర్యాదగా రాయి. తప్పు తెలిసిన 30 రోజుల్లో సరిదిద్దుకుంటే షరతు తప్పినందుకు పోయిన వాడుకునే హక్కు 4.0లో వాళ్లకు దానంతటదే తిరిగొస్తుంది.

మామయ్యల సంతకాలయ్యాక ఈమెయిల్ చిత్తుప్రతి నాకు పంపు, చూసి పెడతాను.

పెదనాన్న