దివిసీమ సినిమా రాస్తున్న మా అమ్మలుకి

విజయవాడ

అమ్మలూ,

దివిసీమ ఉప్పెన మీద సినిమాకి స్క్రిప్టు రాస్తున్నావట, పాత న్యూస్‌రీళ్లు వాడతావట. మీ నాన్న ఫోన్లో చెప్పాడు. గాంధీనగర్ ఫిల్ము ఆఫీసుల్లో డబ్బాలు మోస్తూ ముసలివాణ్ణయ్యాను. మనింటి పిల్ల ఆ డబ్బాల్లోంచి కథ తీస్తానంటే సంతోషం ఉండదా! ఆ రాత్రి నిద్ర మాత్రం పట్టలేదు.

చిల్లర పనులు ముందు చెప్పేస్తా. ఆ న్యూస్‌రీళ్లు తీసిన సర్కారు ఫిల్మ్స్ డివిజన్‌ని ఎన్‌ఎఫ్‌డీసీ అనే కేంద్ర ప్రభుత్వ సినిమా సంస్థలో కలిపేశారు, అక్కడ అడుగు. పాత సినిమాలు దాచే పుణె ఆర్కైవునీ అడుగు. 1977లో విడుదలైన రీలు మీద హక్కు 2037 ఆఖరుదాకా ఉంటుంది. యూట్యూబులో ఉంది కదా అని దించేశావో, చెవి మెలిపెడతా. అనుమతి కాగితం మీద ఉండాలి. రీళ్లన్నీ చూశాకే కలం పట్టు.

ఇక నా భయం. 1977 నవంబరు 19న అల ఊళ్ల మీదికొచ్చినప్పుడు దాని ముందు కెమెరా పట్టుకుని ఎవరు నిలబడతారమ్మా? కెమెరాలు తరవాతెప్పుడో వచ్చాయి. నీకు దొరికేవి పైనుంచి తీసిన నీళ్లు, కూలిన కొంపలు, బియ్యం పంచడాలు. నీ కథకి గుండెకాయలాంటి ఆ ఒక్క సాయంత్రం ఏ డబ్బాలోనూ ఉండదు.

చాలా ఏళ్ల కింద ఒకాయన ఇలాగే ఒక డాక్యుమెంటరీ తీశాడు. పేరెందుకులే. ఆ ఖాళీ ఆయనకి ఊపిరాడనివ్వలేదు. ఎక్కడిదో తుఫాను రీలు తెచ్చి మధ్యలో అతికించాడు. అలలు ఎగిరెగిరి పడుతుంటే, స్టూడియోలో కలిపిన గాలి హోరు చెవులు చిల్లులు పడేలా ఉంది. ఇక్కడే చిన్న హాల్లో వేశారు, నేనూ వెళ్లా. నాగాయలంక వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన, పల్లెకారు మనిషి, కుర్చీలోంచి లేచి, “అయ్యా, ఆ రాళ్లెక్కడివి? మా ఒడ్డున బురదా మడ చెట్లే గానీ రాళ్లుండవే” అన్నాడు. కోపంగా కూడా అనలేదు, ఊరికే అడిగాడు. ఆ తరవాత తెరమీద నిజంగా దివిసీమవే బొమ్మలు వచ్చాయి, తల్లులు పిల్లల్ని వెతుక్కుంటున్నారు. హాల్లో ఒక్కరికీ నమ్మకం కుదరలేదు. “ఇదీ ఎక్కడిదో” అని వెనక వరసలో ఎవరో గొణిగారు. ఆ మాట ఇప్పటికీ కడుపులో దేవినట్టుంటుంది. పోయినవాళ్లని రెండోసారి పోగొట్టాడు కదా ఆయన.

అందుకని ఆ సాయంత్రం తెర నల్లగా ఉన్నా పర్లేదు, బతికినవాళ్ల గొంతు పెట్టు. తాటిచెట్టు పట్టుకుని తెల్లార్లూ వేలాడినవాళ్లు ఇంకా ఉన్నారు. న్యూస్‌రీలు వ్యాఖ్యానం తీసేసి మూగగా చూడు. బియ్యం సంచి దగ్గర నాయకుడు నవ్వుతుంటాడు, అంచున ఒక పిల్ల కెమెరా వంకే చూస్తుంటుంది. నీ కథ ఆ పిల్లది. బొమ్మలో కనిపించేదాన్నే మళ్లీ మాటల్లో చెప్పి విసిగించకు.

శవాలున్న రీళ్లు పగలే చూడు, పక్కన ఎవరినైనా కూర్చోబెట్టుకో. అదే పనిగా వెనక్కి తిప్పి చూస్తే అన్నం సయించదు. అసలే నువ్వు సరిగ్గా తినవని మీ అమ్మ గొడవ.

సెలవు దొరికితే రా. బస్టాండులో అవనిగడ్డ బస్సెక్కుదాం, మోకాళ్ల నొప్పులున్నా నేనూ వస్తా. ఈలోగా నిర్మాత అగ్రిమెంటు ఇస్తే సంతకం పెట్టకుండా నాకు వాట్సాప్ చెయ్యి. ఫుటేజీ డబ్బు ఎవరు కట్టాలో అందులో రాసుందో లేదో చూస్తా.

మీ పెదనాన్న