అడిగింది బరువు గురించి, రాసింది అమ్మ గురించి

చెల్లి పెళ్లిలోగా, అంటే రెండు నెలల్లో, 12 కిలోలు తగ్గే దారి చెప్పమని ఉత్తరం రాశారు. చెప్పను. వారానికి అర కిలో నుంచి కిలో వరకు తగ్గితే చాలంటారు వైద్యులు. మీ లెక్క దాదాపు కిలోన్నరకు వస్తోంది. ఆ సంగతి ఇంతటితో వదిలేద్దాం.

మీకు 36 ఏళ్లు, ఇద్దరు పిల్లలు. షుగరు, బీపీ, థైరాయిడ్ అన్నీ బాగున్నాయని డాక్టరు చెప్పారు. మీ వారు మీ లావు గురించి ఇంతవరకు ఒక్క మాటా అనలేదు. మరి రాత్రి భోజనం ఎవరి కోసం మానేశారు? 'గుమ్మం పట్టడం లేదే నువ్వు' అని పదిమందిలో నవ్విన మీ అమ్మగారి కోసం.

బీఎంఐ, అంటే ఎత్తుతో పోల్చి బరువును చూసే లెక్క, 28 వచ్చిందని బెంగ పెట్టుకున్నారు. ఆ సూత్రానికి మూలం 1830లలో బెల్జియం గణాంక శాస్త్రవేత్త అడాల్ఫ్ కెటెలే వేసిన లెక్క. ఆయన చూసింది జనాభా సగటును. ఒంట్లో కండ ఎంతో కొవ్వు ఎంతో అది చెప్పదు. పనికిరానిదని అనను, కానీ పరీక్షలు చూసిన డాక్టరు మాటే నాకు ముఖ్యం.

ఉత్తరం చివర్లో ఏదో గుర్తొచ్చినట్టు ఒక ముక్క రాశారు: వారానికి మూడు రోజులు ఈతకు వెళ్లేవారు, 'ఈ ఒంటితో నలుగురిలో ఆ బట్టలేమిటి' అని అమ్మ అన్నాక మానేశారు. నాకు కోపం వచ్చింది అక్కడే. పెద్దవాళ్లు వారానికి కనీసం 150 నిమిషాలు ఒళ్లు కదిలించాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. మీరు ఆ పని ఇష్టంగా చేస్తుండేవారు. సిగ్గుపడి ఇంట్లో కూర్చున్నాకే ఇంకో నాలుగు కిలోలు పెరిగానని మీరే రాశారు!

అమ్మకు ఎదురు చెప్పలేనంటారు. ఆవిడ మోకాళ్ల నొప్పికి డాక్టరు చుట్టూ తిప్పేది మీరే, మందులు వేళకు ఇచ్చేది మీరే. కూతురిగా ఏమీ బాకీ లేరు. మాటలు పడటం కూడా అందులో భాగమంటే, ఎంత పాతకాలం మనిషినైనా, నేను ఒప్పుకోను.

ఎవరూ లేనప్పుడు, గొంతు పెంచకుండా చెప్పండి: "అమ్మా, నా ఒంటి గురించి ఇక మాట్లాడొద్దు. మాట్లాడితే లేచి వెళ్లిపోతాను." మళ్లీ అంటే నిజంగానే లేవండి. మధ్యలోకి మీ వారిని లాగకండి. ఆవిడ ఏడుస్తారు, రెండు రోజులు పలకరు. పలకకపోతే పోనీ, మందులు మాత్రం మరిచిపోకండి.

ఈ రాత్రి భోజనం చేయండి. పాత ఈత దుస్తులు బిగుతైతే సరిపడేవి కొనుక్కోండి. పెళ్లికి కుట్టించుకునే జాకెట్టుకూ ఇప్పటి కొలతలే ఇవ్వండి.