గ్రంథపాతం

చిట్టీ,

మ్యూజియం ఉద్యోగం వదిలేసి పురావస్తువుల కొట్టు పెడుతున్నావట, మీ అమ్మ చెప్పింది. నా దారే పట్టావని గర్వంగానే ఉంది. రాత్రి నిద్ర మాత్రం పట్టలేదు. సంస్కృతం చెప్పి, మ్యూజియం నడిపి, ఆపైన విజయనగరంలో కొట్టు తెరిచినవాణ్ణి కదా.

లైసెన్సు ముందు తీసుకో. 1972 పురావస్తువుల చట్టం నీకు కొత్త కాదు: 100 ఏళ్లు దాటిన విగ్రహమైనా, 75 ఏళ్లు దాటిన రాతప్రతైనా జాగ్రత్త. దేశం దాటిద్దామని ఎవరైనా అంటే కాఫీ ఇచ్చి పంపెయ్. కంచుని చింతపండుతో తోమనివ్వకు.

అసలు సంగతికొస్తాను. కొట్టు పెట్టిన రెండో ఏడు ఒకతను గోనెసంచిలో జానెడు వేణుగోపాలుణ్ణి తెచ్చాడు. పీఠం మీద ఒక వరుస తెలుగు అక్షరాలు. చివరి నాలుగైదు లేవు. నాకు ఒళ్లు పులకరించింది. తాటాకుల్లో పురుగు తినేసినచోట గ్రంథపాతం అని గుర్తుపెట్టి, ఏ అక్షరాలు ఉండాలో ఊహించి పూరించడమే కదా జీవితమంతా నేను చేసింది! దాత పేరయి ఉంటుందని భూతద్దం పట్టుకుని తెల్లవార్లూ కూర్చున్నాను. అక్కడ సన్నటి అడ్డగీతలు కనిపించాయి కూడా. అరుగుదలనుకున్నాను. ఆకురాయి గీతలమ్మా అవి! చెరిపేసింది ఊరి పేరు. ఇది ఎక్కడిదని తెచ్చినవాణ్ణి ఒక్క ముక్క అడగలేదు.

మూడు నెలలకి శ్రీకాకుళం వైపు నుంచి ఒక పూజారి వచ్చాడు. ఆయన చేతిలోని పాత ఫొటోలో అక్షరాలన్నీ ఉన్నాయి. పోలీసు స్టేషన్‌లో జరిగింది రాసిచ్చాను. విగ్రహం ఊరు చేరాక నేనూ వెళ్లాను. ఆయన నన్ను ఏమీ అనలేదు, అందరితో పాటే తీర్థం ఇచ్చాడు. చెయ్యి వణికి సగం నేలపాలయింది.

చాదస్తం అనుకోకు. 2001లో మన చందవరం మ్యూజియంలోంచి పోయిన బుద్ధారాధకుల శిల్పం ఆస్ట్రేలియా నేషనల్ గ్యాలరీలో తేలింది, 2016లో గానీ తిరిగి రాలేదు. అక్కడ కొన్నవాళ్లూ బాగా చదువుకున్నవాళ్లే. నీకు మార్కులెక్కువ వచ్చేవి, అందుకే భయం.

ఏది కొనబోయినా ముందు నాకు ఫొటో పంపు, పీఠం అడుగుది కూడా. అర్ధరాత్రయినా సరే, మీ అత్త తిట్టినా సరే. సిరిమానోత్సవానికి వస్తావుగా, నా భూతద్దం పట్టుకెళ్లు. పిడి వదులైతే దారం చుట్టి ఉంచాను.

మీ మావయ్య